రాజ్మా చిక్కుళ్లు వండుకునే పద్ధతి



పంట పండించడం ఒక ఎత్తు. పండిన దాన్ని క్షేమంగా కడుపులోకి చేర్చుకోవడం మరొక ఎత్తు. విత్తనం మొదలుకొని నూర్పిడి దాకా ఎన్నో సంగతులు చెప్పుకుంటూ వుంటాం గాని, గింజ ఇంటికి వచ్చిన తర్వాత పొయ్యి మీద దాన్ని ఏం చేయాలో అంతగా చెప్పుకోము. అదంతా ఆడవాళ్లకు తెలిసిందే గదా అనుకుంటాం. కందిపప్పు విషయంలో, పెసల విషయంలో అది నిజమే. కాని కొత్తగా మన వంటిళ్లలోకి వస్తున్న రాజ్మా చిక్కుళ్ల విషయంలో అట్లా అనుకుని ఊరుకోవడానికి వీల్లేదు. ఈ గింజకు ఒక మెలిక వుంది. ఆ మెలిక తెలిసినవారికి ఇది మంచి బలవర్ధకమైన ఆహారం. తెలియనివారికి ఒక పూట వాంతులూ విరేచనాలూ తప్పవు.

మనవైపు రాజ్మా ఎక్కువగా పండేది తూర్పు కనుమల మన్యంలో. పాడేరు, చింతపల్లి, గూడెంకొత్తవీధి, అరకు ప్రాంతాల కొండవాలు భూముల్లో గిరిజన రైతులు దీన్ని పండిస్తున్నారు. 2022లో ఏర్పడిన అల్లూరి సీతారామరాజు జిల్లాలోనివే ఈ ఊళ్లన్నీ. వానలు తగ్గుముఖం పట్టే వేళకు విత్తితే చలికాలంలో పంట చేతికి వస్తుంది. ఎర్రనివి, గోధుమరంగువి, తెల్లనివి, చారలవి – రకరకాల గింజలు సంతల్లో కనబడతాయి. ఒకప్పుడు వచ్చిన పంటంతా బస్తాలకెత్తి ఉత్తరాది వ్యాపారులకు అమ్మేయడమే గాని, ఇంట్లో వండుకున్నది తక్కువ. కాశ్మీరు, హిమాచల ప్రదేశ్, ఉత్తరాఖండ్, పంజాబు వాళ్లు అన్నంలో రాజ్మా కూర కలుపుకుని ఎంతో ఇష్టంగా తింటారు. ఇప్పుడు మన పట్నాల్లోనే కాదు, పల్లెల్లో కిరాణా కొట్లలోనూ ఈ గింజలు దొరుకుతున్నాయి. కాబట్టి పండించేవారూ, కొనుక్కుని తినేవారూ ఇద్దరూ తెలుసుకోవలసిన సంగతులు ఇవి.

రాజ్మా మన దేశపు గింజ కాదు. మిరప, మొక్కజొన్న మాదిరిగానే ఇది కూడా అమెరికా ఖండాల నుంచి వచ్చింది. 1492లో కొలంబస్ ప్రయాణం తర్వాత ఐరోపా ఓడల మీద సముద్రాలు దాటి లోకమంతా పాకింది. మనం కూరకు వాడే బీన్స్ కాయలు కూడా ఈ జాతివే. లేత కాయగా కోస్తే బీన్స్, ముదరబెట్టి ఎండబెట్టి నూరిస్తే రాజ్మా. అయితే మన తాతముత్తాతలు కందికి, మినుముకు, ఉలవకు వంట పద్ధతి నేర్పి వెళ్లారు గాని, రాజ్మాకు నేర్పలేదు. వాళ్లకు అది తెలియదు కనుక. అందుకని మనమే నేర్చుకోవాలి.

బలం మాట కొస్తే రాజ్మా ఏ పప్పుకూ తీసిపోదు. కిలో ఎండు గింజల్లో 200 గ్రాములకు పైగా మాంసకృత్తులు వుంటాయి. ఇనుము వుంది, పీచు వుంది, గర్భిణీ స్త్రీలకు ఎంతో అవసరమైన ఫోలిక్ ఆమ్లం వుంది. వరి అన్నంలో తక్కువగా వుండే మాంసకృత్తుల అంశం రాజ్మాలో సమృద్ధిగా వుంటుంది. రాజ్మాలో తక్కువైనది అన్నంలో వుంటుంది. రెండూ కలిపి తింటే ఒకదాని లోటు మరొకటి పూడుస్తుంది. ఇంత మంచి గింజను భయపడి మానుకోమని నేను చెప్పడం లేదు. వండే పద్ధతి తెలుసుకుని తినండి అంటున్నాను.

ఇక మెలిక ఏమిటో చూద్దాం.

పచ్చి రాజ్మా గింజలో ఒక విష పదార్థం వుంటుంది. శాస్త్రజ్ఞులు దీన్ని ఫైటోహీమగ్లుటినిన్ అంటారు. పేరు నోరు తిరగనిది. అర్థం మాత్రం తేలిక: మొక్కలో పుట్టి, రక్తకణాలను ముద్దకట్టించే పదార్థం. ఇటువంటి వాటన్నిటికీ కలిపి లెక్టిన్లు అని పేరు. పురుగూ పుట్రా తినకుండా మొక్క తన గింజలకు తాను పెట్టుకున్న కాపలా ఇది అని చెప్పుకోవచ్చు.

ఇది మనకు బొత్తిగా తెలియని సంగతి కూడా కాదు. ఆముదపు చెక్క పొలానికి ఎరువుగా వేస్తాం గాని, పశువుల కుడితిలో కలపం. ఎందుకు? అందులో విషముంది, పశువు చస్తుంది అని మన రైతులకు తెలుసు. ఆముదపు గింజలోని ఆ విషం రక్తకణాలను ముద్దకట్టిస్తుందని 1888లో స్టిల్‌మార్క్ అనే శాస్త్రజ్ఞుడు కనిపెట్టాడు. లెక్టిన్లను గురించిన శాస్త్రం అక్కడే మొదలైంది. రాజ్మాలోని పదార్థం ఆముదపు విషమంత ప్రాణాంతకం కాదు. కాని రెండూ లెక్టిన్లే. అడవి దుంపల సంగతి కూడా మన్యం వాళ్లకు చెప్పనక్కరలేదు. కొన్ని దుంపల్ని ఉడకబెట్టి, పారే నీళ్లలో వుంచి, చేదు పోగొట్టి గాని నోట పెట్టరు. రాజ్మాకూ అటువంటి శ్రద్ధే కావాలి. చిక్కేమిటంటే, ఆ దుంప చేదుగా వుండి తనను తానే పట్టిస్తుంది. రాజ్మాలోని విషానికి అంతటి గుర్తు లేదు. సగం ఉడికిన గింజ కూడా నోటికి బాగానే వుంటుంది.

ఈ పదార్థం కడుపులోకి వెళ్లి ఏం చేస్తుంది? మన పేగుల లోపలి గోడ మీద సన్నని నూగు లాంటి పొర వుంటుంది. తిన్న ఆహారంలోని సారాన్ని పీల్చేది ఆ పొరే. పచ్చి రాజ్మాలోని లెక్టిన్ ఆ పొరను అంటుకుని దెబ్బతీస్తుంది. మిగతా మాంసకృత్తుల మాదిరిగా ఇది తొందరగా అరిగిపోదు కూడా. తిన్న ఒకటి నుంచి మూడు గంటల లోపల కడుపులో తిప్పడం మొదలవుతుంది. తర్వాత తెరలు తెరలుగా వాంతులు, ఆ వెంటనే విరేచనాలు, కడుపునొప్పి. సాధారణంగా మొదలైన మూడు నాలుగు గంటల్లో తగ్గుముఖం పడుతుంది. కాని ఆ మూడు నాలుగు గంటల్లోనే కొందరు నీరసించి ఆసుపత్రికి పోవలసి వస్తుంది. చిన్నపిల్లలకు, ముసలివాళ్లకు ఒంట్లో నీరు తగ్గిపోవడం ప్రమాదం.

ఎన్ని గింజలు తింటే ఇట్లా అవుతుంది? గిన్నెడు తినక్కరలేదు. నాలుగైదు పచ్చి గింజలు చాలు.

ఎర్ర రాజ్మాలో ఈ పదార్థం అన్నిటికంటె ఎక్కువ. దీన్ని కొలవడానికి ఒక ప్రమాణం వుంది. ఆ లెక్కన పచ్చి ఎర్ర గింజల్లో 20,000 నుంచి 70,000 పాళ్లు వుంటే, బాగా ఉడికిన వాటిలో 200 నుంచి 400 పాళ్లు మాత్రమే మిగులుతుంది. అంటే నూటికి తొంభైతొమ్మిది పాళ్లు పొయ్యి మీదే నశించిపోతుంది. తెల్ల రాజ్మాలో ఎర్రవాటిలో మూడో వంతు వుంటుంది. మూడో వంతే గదా అని తెల్లవాటిని అలుసుగా చూడకూడదు. ఎందుకో చెబుతాను.

2006లో జపాను దేశంలో ఒక టెలివిజన్ కార్యక్రమంలో ఒళ్లు తగ్గడానికి ఉపాయమని చెప్పి, తెల్ల గింజల్ని మూడు నిమిషాలు దోరగా వేయించి, పొడికొట్టి, అన్నం మీద చల్లుకుని తినమన్నారు. చూసినవాళ్లు అట్లాగే చేశారు. దేశమంతటా వందలమంది వాంతులు, విరేచనాలతో బాధపడ్డారు. కొంతమంది ఆసుపత్రుల్లో చేరారు. అంతకు ముందు 1976లో ఇంగ్లండులో సెలవులకు వెళ్లిన బడిపిల్లలు కొందరు, నానబెట్టిన రాజ్మాను ఉడికించకుండానే తిని జబ్బుపడ్డారు. ఆ తర్వాతి సంవత్సరాల్లో అక్కడ ఇటువంటివి మరికొన్ని జరిగాయి. అప్పుడు గాని అక్కడి వైద్యులకు ఈ గింజ గుట్టు బయటపడలేదు. ఈ రెండు ఉదంతాల నుంచి మనం తెలుసుకోవలసినవి రెండు మాటలు. నానబెట్టినంత మాత్రాన విషం పోదు. వేయించినంత మాత్రాన కూడా పోదు. నీళ్లలో తెర్లుతూ ఉడికితేనే పోతుంది.

ఇక వంట పద్ధతి. వరసగా చెబుతాను. గుర్తు పెట్టుకోండి.

మొదటిది, ఏరడం. గింజల్ని చేటలో పోసి చెరిగి, రాళ్లు, బూజు పట్టినవి, పుచ్చులు, ముడుతలు పడ్డవి తీసేయండి. పాత గింజనూ కొత్త గింజనూ ఒకే తపేలాలో కలపకండి. వేడికీ చెమ్మకూ ఏడాది పైన నిలవున్న గింజ గట్టిబడి తొందరగా ఉడకదు. కొత్తవి మెత్తబడేసరికి పాతవి లోపల పచ్చిగానే వుంటాయి.

రెండోది, నానబెట్టడం. రెండు మూడు సార్లు కడిగి, గింజలకు మూడింతల నీళ్లు పోసి, కనీసం అయిదు గంటలు నాననివ్వండి. రాత్రి పడుకోబోయే ముందు పోసి పొద్దున్నే తీయడం అన్నిటికంటె సులువు. గ్లాసు గింజలు నానితే రెండు గ్లాసుల పైనే అవుతాయి కాబట్టి పెద్ద పాత్ర తీసుకోండి. ఎండాకాలంలో నీళ్లు పులిసిపోతాయి. అప్పుడు మధ్యలో ఒకసారి నీళ్లు మార్చండి. నానిన గింజను వేళ్లతో రెండుగా విడదీసి చూడండి. నడుమ ఎండుగా, తెల్లగా కనబడితే ఇంకా నానాలి. నానబెట్టడం ఎందుకంటే, నీరు గింజ నడిమిదాకా పోతేనే వేడి కూడా తొందరగా నడిమిదాకా పోతుంది. కట్టెలూ గ్యాసూ ఆదా అవుతాయి.

మూడోది, ఆ నీళ్లు పారబోయడం. నానిన నీళ్లలో బలం వుంటుందని కొందరు అందులోనే ఉడకబెడతారు. అట్లా చేయకండి. ఆ నీళ్లలో విష పదార్థం కొంత దిగి వుంటుంది. కడుపుబ్బరం కలిగించే చక్కెరలు కూడా అందులోకి వస్తాయి. నీళ్లు పారబోసి, గింజల్ని మళ్లీ ఒకసారి కడిగి, కొత్త నీళ్లు పోయండి. గింజల పైన నాలుగు వేళ్ల ఎత్తు నీరు వుండాలి.

నాలుగోది, అన్నిటికంటె ముఖ్యమైనది – తెర్లబెట్టడం. పెద్ద మంట పెట్టండి. ఎసరు గలగలా తెర్లడం మొదలైనప్పుడు గడియారం చూసుకోండి. అక్కడినుంచి 30 నిమిషాలు ఆ తెర్లు తగ్గకుండా ఉడకాలి. పొయ్యి మీద పెట్టిన వేళ నుంచి లెక్కపెట్టకూడదు. నీళ్లు తెర్లిన వేళ నుంచి లెక్క. నిజానికి నీరు తెర్లే వేడికి విషం పది నిమిషాల్లోనే నశిస్తుంది. కాని ఆ వేడి ప్రతి గింజ నడిమికీ చేరాలి గదా. అందుకని 30 నిమిషాలు అన్నారు. మధ్యలో నీళ్లు తగ్గితే పక్కన కాచి వుంచిన వేడినీళ్లే పోయండి. చన్నీళ్లు పోస్తే తెర్లు ఆగిపోతుంది. ఆగితే మళ్లీ తెర్లేదాకా ఆ కాలాన్ని లెక్కలోంచి తీసేయాలి.

అయిదోది, మెత్తబడేదాకా ఉడికించడం. అరగంట తెర్లిన తర్వాత మంట తగ్గించి, గింజ వేళ్ల మధ్య నలిగేదాకా ఉడకనివ్వండి. గింజ రకాన్ని, వయసును బట్టి మరో అరగంటో గంటో పట్టవచ్చు. ఇప్పుడు కూర ఎట్లా చేసుకున్నా మీ ఇష్టం. ఉల్లిపాయ, అల్లం, వెల్లుల్లి, మిరపకాయలు వేసి తాలింపు పెట్టుకోండి. పులుసుగా చేసుకోండి.

కాని చింతపండు గాని టమాటా గాని గింజ మెత్తబడిన తర్వాతే వేయండి. పులుపు ముందుగా తగిలితే గింజ గట్టిబడి ఎంతకూ ఉడకదు. ఉప్పునీటి బావుల ఊళ్లలో, సున్నపు నీళ్లున్న చోట కూడా గింజ మొరాయిస్తుంది. అటువంటి చోట వాన నీళ్లో చెరువు నీళ్లో కాచి వాడుకుంటే మంచిది. వంటసోడా వేస్తే తొందరగా ఉడుకుతుందన్నది నిజమే. ఎక్కువ వేస్తే మాత్రం బి విటమిను నష్టపోతాము. చిటికెడు మించవద్దు. సోడా వేశామని 30 నిమిషాల తెర్లును తగ్గించవద్దు.

అన్నం ఉడికిందో లేదో ఒక్క మెతుకు పట్టి చూస్తే చాలు అంటారు పెద్దలు. అన్నానికి ఆ మాట సరిపోతుంది. రాజ్మాకు సరిపోదు. ఒక గింజ మెత్తగా వుందని మిగతావన్నీ ఉడికాయనుకోకండి. అడుగునుంచి, నడుమనుంచి, పైనుంచి నాలుగైదు గింజలు తీసి నలిపి చూడండి. ఇంకొక మాట. మెత్తబడడం ఒక్కటే గుర్తు కాదు. సన్నని సెగ మీద రాత్రంతా వుంచితే గింజ మెత్తబడుతుంది గాని విషం చావదు. కనుక గుర్తులు రెండు వుండాలి: గలగలా తెర్లిన అరగంట ఒకటి, వేళ్ల మధ్య నలిగే మెత్తదనం ఇంకొకటి.

ఈ సన్నని సెగ సంగతి కొంచెం వివరంగా చెప్పుకోవాలి. మన ఇళ్లలో పాలు కాగడానికి దాలి వుండేది. పిడకల నిప్పు మీద కుండ పెట్టి వదిలేస్తే పూటంతా సన్నగా కాగి, ఎర్రని మీగడ కట్టేది. పాలకు అది అమృతంలాంటి పద్ధతి. అదే దాలి మీద రాజ్మా పెడితే ప్రమాదం. ఆ సెగకు నీరు తెర్లదు. 75, 80 డిగ్రీల దగ్గర ఊగుతూ వుంటుంది. ఆ వేడికి విషం తగ్గదు సరిగదా, 80 డిగ్రీల దగ్గర ఉడికిన గింజల్లో పచ్చివాటి కంటె అయిదు రెట్ల దాకా పెరగవచ్చునని అమెరికా ఆహార, ఔషధ సంస్థ హెచ్చరించింది. నిప్పుల కుంపటి, ఊకపొయ్యి, సన్నసెగ మీద గంటల తరబడి ఉడికించే కరెంటు పాత్రలు, పెట్టె ఆకారంలో వుండే సౌరకుంపటి – వీటన్నిటికీ ఇదే మాట. ముందు పెద్ద మంట మీద అరగంట తెర్లించి, ఆ తర్వాత వాటి మీద పెట్టుకుంటే దోషం లేదు. కట్టెలు ఆదా చేయాలని సగం ఉడికిన తపేలాను దించి, గోనెలో గడ్డిలో చుట్టిపెట్టే అలవాటున్నవాళ్లు కూడా ముందు అరగంట తెర్లించాకే దించాలి.

ప్రెషర్ కుక్కర్ వున్నవారికి పని సులువు. కుక్కర్ లోపల వేడి నీరు తెర్లే వేడిని మించి 120 డిగ్రీల దాకా పోతుంది. అందులో విషం నిలవదు. అయినా నానబెట్టడం, నీళ్లు పారబోయడం మానకండి. గింజలు, నీళ్లు కలిసి కుక్కర్‌లో సగానికి మించకూడదు. మించితే నురుగు వచ్చి ఆవిరి గొట్టం మూసుకుపోతుంది. మూత పెట్టకుండా ముందు పది నిమిషాలు తెర్లించి, నురుగు తీసేసి, అప్పుడు మూత పెట్టండి. మొదటి కూత వచ్చాక మంట తగ్గించి 15 నుంచి 20 నిమిషాలు వుంచండి. కూతలు లెక్కపెట్టడం కంటె నిమిషాలు లెక్కపెట్టడం మేలు. మంట పెద్దదైతే నాలుగు కూతలు నాలుగు నిమిషాల్లోనే వచ్చేస్తాయి. ఆవిరి దానంతట అదే పోయాక మూత తీసి, గింజ నలిపి చూడండి. గట్టిగా వుంటే మళ్లీ పెట్టండి.

మన్యం సోదరులకు ప్రత్యేకంగా ఒక మాట. మీరు వుండేది సముద్రమట్టానికి 800, 1000 మీటర్ల ఎత్తులో. ఎత్తుకు పోయేకొద్దీ నీరు తక్కువ వేడికే తెర్లుతుంది. సుమారు 300 మీటర్లకు ఒక డిగ్రీ చొప్పున తగ్గుతుంది. విశాఖపట్నం తీరాన నీరు 100 డిగ్రీల దగ్గర తెర్లితే, అరకులోనో చింతపల్లిలోనో 97 డిగ్రీల దగ్గరే తెర్లుతుంది. తేడా మూడు డిగ్రీలే అయినా పప్పులు ఉడకడం ఆలస్యమవుతుంది. అందుకని మీరు అరగంటకు ఇంకొక పది నిమిషాలు చేర్చుకోండి. రాజ్మా బాగా పండేది మీ దగ్గరే. పట్టుగా ఉడకబెట్టవలసిందీ మీ దగ్గరే.

నానబెట్టడం మరచిపోయినప్పుడు ఏం చేయాలి అని అడుగుతారు. గింజల్ని నీళ్లలో రెండు మూడు నిమిషాలు తెర్లించి, దించి, మూతపెట్టి గంటసేపు వుంచండి. ఆ నీళ్లు పారబోయండి. కొత్త నీళ్లు పోసి పైన చెప్పినట్టు అరగంట తెర్లించండి. మొదటి రెండు మూడు నిమిషాలు నానడానికే గాని వంట కింద లెక్కకు రావు.

పెసలు, సెనగలు మొలకెత్తించి పచ్చివే తింటాము గదా, రాజ్మా మొలకలు తినకూడదా అంటే, తినకూడదు. మొలకెత్తినా విషం చాలావరకు గింజలోనే వుంటుంది. ఎండు గింజల్ని మరపట్టించి పిండి చేసి రొట్టెల్లోనో జావలోనో కలపడం కూడా మంచిది కాదు. జపానులో జరిగింది ఇటువంటిదే. పిండి కావాలంటే ముందు గింజల్ని పద్ధతిగా ఉడికించి, ఎండబెట్టి, తర్వాత మరపట్టించుకోవాలి. నానబెట్టి రుబ్బి వడలు వేసుకోవడమూ వద్దు. నూనె పైన మరుగుతున్నా వడ నడుమ పచ్చిగా వుండవచ్చు. డబ్బాల్లో నీళ్లతో వచ్చే రాజ్మా మాత్రం ముందే ఉడికించినది. దాన్ని వేడి చేసుకుంటే చాలు. లేత బీన్స్ కాయల్ని కూడా పచ్చివి కొరకకుండా కూరగా వండుకునే తినండి.

అంగన్‌వాడీల్లో, బడుల్లో, హాస్టళ్లలో వంట చేసేవారు మరింత జాగ్రత్తగా వుండాలి. ఇంట్లో తపేలాకు పది నిమిషాల్లో తెర్లు వస్తే, వందమందికి వండే గుండిగకు గంట కూడా పట్టవచ్చు. అంచుల దగ్గర బుడగలు రావడం చూసి తెర్లిందనుకుంటారు. నడుమ కూడా తెర్లాలి. గరిటెతో అడుగునుంచి కలియబెట్టి, కలిపిన తర్వాత కూడా తెర్లు నిలిస్తేనే గడియారం చూడాలి. బడిగంట కొట్టే వేళ అయిందని మధ్యలో దించేయకూడదు. వేళ చాలకపోతే ఆ పూట కందిపప్పుతో గడిపేసి, రాజ్మాను మరునాటికి వాయిదా వేయడం మంచిది. ఒక్క గుండిగ తప్పితే వందమంది పిల్లలు పడకెక్కుతారు.

వండిన రాజ్మాను ఎండాకాలంలో రెండు గంటలకు మించి బయట వుంచకండి. ఇది పచ్చి గింజ విషం సంగతి కాదు, క్రిముల సంగతి. ఉడికిన పప్పులో క్రిములు తొందరగా పెరుగుతాయి. ఫ్రిజ్ వున్నవాళ్లు చల్లార్చి అందులో పెట్టి, తినేముందు బాగా మరిగించుకోవచ్చు. లేనివాళ్లు ఆ పూటకు సరిపడా వండుకోవడమే మేలు.

ఎవరికైనా తిన్న కొద్ది గంటల్లో వాంతులు, విరేచనాలు పట్టుకుంటే కంగారుపడకండి. దీనికి విరుగుడు మందంటూ లేదు. పోయిన నీటిని తిరిగి అందించడమే వైద్యం. ఓఆర్ఎస్ పొట్లాన్ని దాని మీద రాసిన ప్రకారం కాచి చల్లార్చిన నీళ్లలో కలిపి, కొంచెం కొంచెంగా తాగించండి. పొట్లం లేకపోతే లీటరు నీళ్లలో ఆరు చెంచాల చక్కెర, అర చెంచా ఉప్పు కలపండి. చెంచా అంటే టీ చెంచా, తలకొట్టి సమంగా తీసుకోవాలి. ఉప్పు ఎక్కువ కాకూడదు. పసిపిల్లలకు పాలు ఆపవద్దు. వాంతులు ఆగకపోయినా, రక్తం పడినా, మూత్రం రాకపోయినా, మనిషి మగతగా వున్నా వెంటనే ఆసుపత్రికి తీసుకుపోండి. ఏం తిన్నారో, ఎప్పుడు తిన్నారో డాక్టరుగారికి చెప్పండి. మిగిలిన కూరను మరెవరూ తినకుండా పక్కన పెట్టండి.

పశువులూ కోళ్లూ పెంచేవారు ఒక సంగతి గమనించాలి. నూర్పిళ్లలో విరిగిన గింజలు, నూకలు వృథా పోతాయని కోళ్లకో పందులకో పచ్చివి వేస్తుంటారు. పచ్చి రాజ్మా తిన్న కోళ్లు, పందులు ఎదగవు. మేత ఖర్చు కలిసొస్తుందనుకుంటే పెరుగుదల దెబ్బతింటుంది. వాటికీ ఉడికించే పెట్టండి.

చివరగా విస్తరణ కార్యకర్తలకు ఒక సూచన. ఈ సంగతి కాగితం మీద రాసి పంచితే చాలదు. రాజ్మా విత్తనాలు పంచే రోజునో, మహిళా సంఘం కూడిన రోజునో ఒక పొయ్యి వెలిగించండి. ముందు రాత్రి నానబెట్టిన గింజల్ని తీసుకుపోయి, నీళ్లు పారబోయడం చూపండి. తెర్లు వచ్చినప్పుడు అందరి చేత గడియారం చూపించండి. వేడి కొలిచే థర్మామీటరు దొరికితే, సన్నసెగ మీద వున్న తపేలాకూ తెర్లుతున్న తపేలాకూ తేడా చూపించండి. రెండింటిలోనూ ఆవిరి వస్తుంది, కాని వేడి ఒకటి కాదు. సన్నసెగ తపేలాలోనివి రుచి చూడనివ్వకండి. కళ్లారా చూసింది మనసులో నాటుకుంటుంది. రాజ్మా కొనే వ్యాపారులకు, సంచుల్లో కట్టి అమ్మే సంఘాలకు కూడా ఒక మాట చెప్పండి: నానబెట్టండి, నీళ్లు పారబోయండి, అరగంట తెర్లించండి అని సంచి మీద మూడు ముక్కలు అచ్చువేస్తే, కొన్నవాళ్లు క్షేమంగా తింటారు. క్షేమంగా తిన్నవాళ్లు మళ్లీ కొంటారు. మన రైతు పంటకు మంచి పేరు నిలుస్తుంది.

చెప్పినవన్నీ మరొక్కసారి. అయిదు గంటలకు తక్కువ కాకుండా నానబెట్టండి. నానిన నీళ్లు పారబోయండి. కొత్త నీళ్లలో, పెద్ద మంట మీద, తెర్లు వచ్చినప్పటి నుంచి 30 నిమిషాలు, కొండ మీద 40 నిమిషాలు ఉడికించండి. ఆ తర్వాత మెత్తబడేదాకా వుంచండి. పులుపు చివర వేయండి. సన్నసెగను నమ్మకండి. పచ్చివి గాని, మొలకలు గాని, పిండి గాని తినకండి.

ఇంతే. పొయ్యి దగ్గర ఒక అరగంట ఓపిక పడితే, మన్యపు రాజ్మా మీ పిల్లల కంచంలో మంచి కూర అవుతుంది. సెలవు.